ముప్పై నాలుగో మడి

మిద్దె మీద బూట్ల చప్పుడు వినబడగానే మునిరత్నమ్మ చేతిలో పని వదిలేసి మెట్లెక్కుతుంది. తీగ మీది బట్టలు, చాటలోని ఎండుమిరపకాయలు, పాత చీర మీద పెట్టిన వడియాలు, అన్నీ వరండాలోకి చేర్చడానికి ఆమెకు మూడు నిమిషాలు చాలు. దొర బూట్ల తాళ్ళు కట్టుకుని, టోపీ వెతుక్కుని, గది తలుపు తీయడానికీ అంతే పడుతుంది. ఆయన బయటికొచ్చాడంటే వాన మొదలవుతుంది.

పెద్ద వానేం కాదు, తుంపర. ఒక కళ్ళమంత వెడల్పున, ఆయన ఎటు నడిస్తే అటు. ఆయన గదిలో ఉన్నంతసేపూ మేఘం పక్కింటి డిష్ యాంటెన్నాకు ఆనుకుని ఊరికే ఉంటుంది. ఆయన బస్సెక్కితే బస్సు వెనకాలే వస్తుంది. దిగితే కురుస్తుంది. పుంగనూరులో మొదటి రెండు రోజులు పిల్లలు వెంటబడి తడిశారు. మూడో రోజు నుంచి ఎవరి పని వాళ్ళు చూసుకున్నారు. బస్టాండు పక్కన పూలమ్మే చాందిని మాత్రం రోజూ కేకేస్తుంది.

"దొరా, రవంత ఈ పక్కగా నడువప్పా! మల్లెపూలు వాడిపోతాండాయి."

దొర టోపీ ఎత్తి, ఆ పక్కగానే నడుస్తాడు. మదనపల్లె టమోటా మార్కెట్టుకు మునిరత్నమ్మ ఆయన్ని ఒక్కసారే తీసుకుపోయింది. హమాలీలు క్రేట్ల మీదికి టార్పాలిన్లు లాగుతూ, "అమ్మా, ఆయప్పను గేటు బయట నిలబెట్టు. పండు మచ్చ పడతాది," అని మర్యాదగానే తరిమారు.

మునిరత్నమ్మ పుంగనూరు హైస్కూల్లో ముప్పై ఏళ్ళు ఇంగ్లీషు పాఠం చెప్పి రిటైరైంది. మిద్దె మీది గదిని ఆయనకు మూడు నెలలకు అద్దెకిచ్చింది. ఇచ్చేటప్పుడు వడియాల సంగతి ఆలోచించలేదు.

దొర పేరు రూపర్ట్ విన్‌స్లేడ్. వయసు డెబ్బై ఆరు. ఇంగ్లండులో లార్డు. అక్కడ ఆయనకు ఎనిమిది వేల ఎకరాలు, నలభై గదుల ఇల్లు, ఆ ఇంటికి ఇరవై పొగగొట్టాలు ఉండేవి. ఎనిమిదో ఏట హాస్టలుకు పంపారు. ఇరవైలో సైన్యంలో చేరాడు. నలభై నాలుగో ఏట తండ్రి పోయాడు. తండ్రిని పూడ్చిన సాయంత్రమే ఎస్టేటు, లార్డు బిరుదు, పార్లమెంటు పెద్దల సభలో సీటు, మూడూ ఒక్కసారి ఆయన చేతికొచ్చాయి. ఆ సాయంత్రమే వాన కూడా వచ్చింది. అది ఆస్తిలో భాగమని ఆయనకు అప్పుడు తెలియలేదు. వాళ్ళ దేశంలో వాన అందరి మీదా పడుతుంది. ఒకడి మీద కాస్త ఎక్కువ పడితే పట్టించుకునేదెవరు? చెన్నై విమానాశ్రయం బయట, ఏప్రిల్ ఎండలో, టాక్సీల వరసలో తానొక్కడే తడుస్తూ నిలబడ్డప్పుడు ఆయనకు సంగతి అర్థమైంది.

ముప్పై ఏళ్ళకు పైగా ఆ సభకు వెళ్ళాడు. ఒకసారి పద్నాలుగు నెలలు వ్యవసాయ శాఖకు సహాయమంత్రిగా చేసి, నదుల మీద ఒక రిపోర్టు రాశాడు. దాన్ని ఎవరైనా చదివారో లేదో ఆయనకు తెలియదు. ఆ సభలో ఓటు వేయాలంటే నడవాలి. ఔననేవాళ్ళు ఒక తలుపు గుండా, కాదనేవాళ్ళు ఇంకో తలుపు గుండా నడిచిపోతే అటూ ఇటూ లెక్కపెడతారు. తండ్రి ఏ పక్షం వెంట నడిచాడో ఈయనా ఆ పక్షం వెంటే నడిచాడు. పక్కనున్నవాళ్ళు లేస్తే లేచాడు. ఆ తర్వాత వంశంతో వచ్చే సీట్లు తీసేశారు. ఎస్టేటు కొడుకు చేతికి పోయింది. అతను పెద్ద పచ్చికలో డేరాలు వేసి పెళ్ళిళ్ళకు అద్దెకిస్తున్నాడు. నడవడానికి తలుపులేవీ మిగలక దొర ఊరికే నడవసాగాడు. ఇంట్లో నలభై గదులూ తిరిగాడు. ఒక గదిలో పాత ఫోటో దొరికింది. అందులో ఒకప్పుడు ఇండియాలో అధికారిగా చేసిన ఆయన తాత, వెనకాల పగుళ్ళిచ్చిన చెరువు, పక్కన రాతి తూము. తాత చేతిలో తెరిచిన గొడుగు, ఆ గొడుగు మీద వాన. వెనక చెరువులో మాత్రం చుక్క నీరు లేదు. అట్ట వెనక "పుంగనూరు తాలూకా, 1926" అని రాసి ఉంది. వారంలో టికెట్టు కొన్నాడు.

ఈయన కూర్చోలేడు. మునిరత్నమ్మ టిఫిను పెడితే ఇడ్లీ చేత్తో పట్టుకుని వరండాలో తిరుగుతూ తింటాడు. కాఫీ సగం తాగి గోడ మీద పెట్టి మరిచిపోతాడు. తెల్లారి ఒకసారి, ఎండెక్కాక ఒకసారి బూట్ల చప్పుడు.

"కాళ్ళలో చక్రాలున్నాయా మీకు?" అని ఆమె ఇంగ్లీషులో అడిగింది.

"మా నాన్నకూ ఇంతే," అన్నాడు దొర. "ఆయన భోజనం బల్ల దగ్గర కూర్చోగా నేను చూడలేదు."

ఆ ఫోటోలోని తూము మునిరత్నమ్మ పుట్టినూరిదే. పుంగనూరుకు ఆటోలో అరగంట దూరం, బోడిగుట్టపల్లె. ఏప్రిల్ నెలాఖరులో ఆయన్ని అక్కడికి తీసుకుపోయింది. దొర ఆటో దిగి, తూము దాకా నడిచి, ఇటు తిరిగి గట్టు మీద నుంచి మడుల్లోకి చూశాడు. ఆయన నిలబడ్డ చోటికి కింద గిరిబాబు టమోటా తోట. పావుగంట తడిసింది. ఆ సాయంత్రానికి ఊరంతా తూము దగ్గర ఉంది.

గిరిబాబు మాజీ సర్పంచి. తూముకు మూడో మడి అతనిది. రెండు బోర్లలో ఒకటి ఎండిపోయి, రెండోది గాలి కొడుతోంది. చెరువు ఎండి ఎనిమిదేళ్ళయింది. మే నెల దాటేదాకా చెట్లను బతికించుకుంటే మదనపల్లెలో ధర ఉంటుంది. అందుకని ఎవరికీ ఆశ్చర్యపోయే తీరిక లేదు. వచ్చింది నీళ్ళు. నీళ్ళకు వంతు కావాలి. వంతు పెట్టాలంటే నీరుగంటి కావాలి.

నీరుగంటి వెంకటముని. చెరువు నీళ్ళను మడి మడికీ పంచే పని వాళ్ళ వంశానిది. ఎనిమిదేళ్ళుగా పంచడానికి నీళ్ళు లేక అటకెక్కించిన పారను దించాడు. పారతో పాటు అడుగున సూది బెజ్జమున్న చిన్న రాగి గిన్నె కూడా దించాడు. నీళ్ళ బకెట్లో ఆ గిన్నెను తేలేస్తే, అడుగు నుంచి నీరెక్కి నిదానంగా మునుగుతుంది. అది మునిగేసరికి ఇరవై నాలుగు నిమిషాలు. అది ఒక గిన్నె వంతు. మడికి నాలుగు గిన్నెల దొర అని తేల్చారు. మడిలో ప్లాస్టిక్ కుర్చీ వేసి, దొరను కూర్చోబెట్టి, గొడుగు చేతికిస్తారు. రోజుకు అయిదు మడులు.

మొదటి రోజు దొర ఆరు నిమిషాలకే లేచాడు. ఆయన వెంటే వాన కదిలి రోడ్డు మీద పడింది.

"కూర్చో దొరా, కూర్చో!" అని గిరిబాబు పరుగెత్తాడు. "అక్కా, చెప్పక్కా ఆయప్పకు. తార్రోడ్డుకు యాల నీళ్ళు?"

మునిరత్నమ్మ చెప్పింది. దొర కూర్చున్నాడు. మళ్ళీ లేచాడు. అప్పుడు వెంకటముని బకెట్టు తెచ్చి దొర కాళ్ళ ముందు పెట్టి, గిన్నె ఆయన చేతికిచ్చాడు. "మునిగేది నువ్వే సూడాల. నాకు కండ్లు ఆనవు," అన్నాడు. అది అబద్ధం. వెంకటముని కళ్ళు గద్ద కళ్ళు. కానీ దొర గిన్నెను నీటి మీద వదిలి, మోకాళ్ళ మీద చేతులు పెట్టుకుని, అది మునిగేదాకా కదలకుండా చూశాడు. మునగ్గానే, "చాలు!" అన్నాడు. అప్పటికి ఆయనకొచ్చిన తెలుగు మాట అదొక్కటే.

ఎవరెవరికి వంతు అన్నదాని మీద పేచీ రాలేదు. తూము రాయి మీద రాసుంది. పైన ఇంగ్లీషు, కింద తెలుగు: చెరువు నీరు సగానికి తక్కువైన ఏట మొదటి ఇరవై మడులకే పారుదల. దాని కింద విన్‌స్లేడ్ అనే పేరు, 1926.

"మీ తాతే చెక్కించినాడు దొరా," అని గిరిబాబు వేలుపెట్టి చూపించాడు. "ఆయప్ప మాట మేము జవదాటం."

రాయి చెప్పింది చెరువు సంగతి కదా అని మునిరత్నమ్మకు అనిపించింది. కానీ ఊరివాళ్ళకు నీళ్ళంటే నీళ్ళే. చెరువులో ఉన్నా, దొర నెత్తి మీద ఉన్నా, సగానికి తక్కువే. ఇరవై మడుల వాళ్ళు తలూపారు. మిగతా పద్నాలుగు మడుల్లో పదమూడు ఏనాడో బీడు పడ్డాయి. వాటి సొంతదారులు బెంగళూరులో వాచ్‌మన్లుగా, డ్రైవర్లుగా ఉన్నారు. ఇంకా చెట్లున్నది ఒక్కదానిలోనే. కడాఖరిది, ముప్పై నాలుగోది. అది వెంకటముని మడి. సాగు చేస్తున్నది కూతురు మునీశ్వరి.

*

మే రెండో వారంలో ఒక మధ్యాహ్నం మునీశ్వరి తండ్రికి క్యారియర్ తీసుకుని వచ్చింది. దొర పంతొమ్మిదో మడిలో కుర్చీలో ఉన్నాడు. మునిరత్నమ్మ గొడుగు కింద, వెంకటముని తలకు ప్లాస్టిక్ సంచి చుట్టుకుని గట్టు మీద.

"ఏమ్మా మునీశ్వరీ, చెట్లెట్లుండాయి?" అంది మునిరత్నమ్మ. ఆ పిల్ల ఆమె దగ్గరే పదో తరగతి చదివింది.

"బాగుండాయి టీచరమ్మా. పాతిన కట్టెలు బాగుండాయి, కట్టిన పురికొస బాగుండాది. మధ్యలో ఉండాల్సిన చెట్టే లేదు."

"బిందెలతో పోస్తాండావంట కదా?"

"పోస్తాండాను. ఎకరాకు బిందెలు ఎన్నో నువ్వే లెక్కేసి చెప్పు, నాకు లెక్కలు రావని అప్పుడే అన్నావు." క్యారియర్ గట్టు మీద పెట్టింది. "ఈ వారంలో నాలుగు తడులు పడితే కాయ నిలబడతాది. లేదంటే లేదు. సోమవారం శివకుమార్ కుప్పంలో కాసుకోనుంటాడు. బెంగళూరు రైలుకు పాసు తీయించినాడు. బట్టల ఫ్యాక్టరీలో పని సూసినాడు."

శివకుమార్ ఆమె భర్త. శాంతిపురం దగ్గర గ్రానైటు పాలిషింగులో పని చేస్తూ కుప్పంలో గది తీసుకుని ఉంటున్నాడు. ఈ కాపు పోతే మడిని బీడు పెట్టి వచ్చేస్తానని మునీశ్వరి అతనికి మాటిచ్చింది. బీడుపడ్డ పదమూడింటికి అది పద్నాలుగోది అవుతుంది.

వెంకటముని తల దించుకుని క్యారియర్ విప్పుతున్నాడు.

"నాయనను అడగలేదా?"

"అడిగితే ఏమంటాడు? నీరుగంటి తన బిడ్డకు వంతు తప్పించి నీళ్ళిస్తే ఆ పారను చెరువులో పారేయాలంటాడు. చెరువులో పారేస్తే తుప్పన్నా పట్టదు నాయనా, ఆడ తడి లేదు కదా." అప్పుడు దొరకేసి చూసింది. "టీచరమ్మా, ఆయప్పతో ఒక మాట చెప్పు. వాళ్ళ తాత పాతిన రాయి మా తాత నోట్లో పడింది, మా నాయన నోట్లో పడింది, ఇప్పుడు నా నోట్లో. ఆ వానేదో ఎత్తుకోనిపోయి వాళ్ళ తాత గోరీ మీదనే పోసుకోమను."

దొర మునిరత్నమ్మ వైపు తిరిగి, ఏమంటోందన్నట్టు కనుబొమలెత్తాడు.

"గుడ్ మార్నింగ్ అంటోంది," అంది మునిరత్నమ్మ.

"మధ్యాహ్నం మూడైంది. అయినా చాలా పొడుగు గుడ్ మార్నింగ్."

"మా భాషలో అంతే."

మునీశ్వరి వెళ్ళిపోయింది. ఆమె వెళ్ళిన వైపే దొర చాలాసేపు చూశాడు. దూరంగా కడమడిలో ఆమె వంగి చెంబుతో ఒక్కో మొదలుకూ నీళ్ళు పోయడం కనిపిస్తోంది. గిన్నె ఎప్పుడో మునిగింది. దొర "చాలు" అనలేదు. ముప్పై ఏళ్ళు పిల్లల తప్పులు దిద్దిన మునిరత్నమ్మ ఇప్పుడు తన అనువాదం దిద్దుకుంది. అసలు మాట అక్షరం వదలకుండా చెప్పేసింది.

దొర లేచాడు. "ఇరవై ఎందుకు? పదిహేను ఎందుకు కాదు, పాతిక ఎందుకు కాదు? మా తాత ఏ లెక్క ప్రకారం ఇరవై అన్నాడు?"

మునిరత్నమ్మ ఆ మాట తెలుగులో అడిగింది. వెంకటముని ముద్ద మింగి, చేయి కడుక్కుని, తీరిగ్గా చెప్పాడు.

"లెక్కేముండాదమ్మా. మా తాత చెప్పేవాడు. ఆ దొర తూము కాడ బంగళాలో ఉండె. ఆయప్పా ఈయప్ప మాదిరే, ఒక చోట నిలవడు. పొద్దున్నే గొడుగేసుకుని కాలవ గట్టెంబడి నడిచొస్తాండె. ఇరవయ్యో మడి కాడ గట్టు పల్లమయ్యి బురదగా ఉంటాది. బూట్లకు బురదయితాదని ఆడికే వెనక్కి తిరుగుతాండె. ఎండాకాలమంతా ఆ ఇరవై మడులే తడిసినాయి. అవే పండినాయి. పోయేటప్పుడు ఆ ఇరవయ్యే రాయించి పోయినాడు."

"అంతకు ముందు?"

"అంతకు ముందు కడదాకా పారేది. నీరుగంటికి మాన్యం కడమడిలోనే యాలిచ్చినారు మరి? కడదాకా నీళ్ళు పోతేనే వాడింట్లో పొయ్యి రాజుకుంటాది. అప్పుడు వాడు అందరికీ పారిస్తాడు. పాతకాలపోళ్ళు తెలివైనోళ్ళు."

మునిరత్నమ్మ చెబుతుంటే దొర తన బూట్లకేసి చూసుకున్నాడు. మంచి తోలు బూట్లు. రెండు వారాలుగా బురదలో ఉన్నా ఆమె పనిమనిషి రోజూ తుడిచి పెడుతూనే ఉంది.

"బూట్లు," అన్నాడు. కొంచెంసేపటికి మళ్ళీ, "బూట్లు."

ఆ రోజు మిగిలిన వంతులు కూర్చోలేదు. వాన గట్ల మీద అటూ ఇటూ పడింది. గిరిబాబు పేచీ పెట్టాడు. వెంకటముని గిన్నెలు రేపటికి జమ వేశాడు.

*

మూడు నెలల అద్దె ఇంకా మిగిలి ఉండగానే శుక్రవారం దొర సామాను సర్దుకున్నాడు. శనివారం మధ్యాహ్నం చెన్నైకి కారు. వరండాలో తిరుగుతూనే అడిగాడు: "వెంకటమునికి కొడుకుల్లేరు. ఆ పార ఎవరికి పోతుంది?"

"ఎవరికీ పోదు," అంది మునిరత్నమ్మ. ఒక సూట్‌కేసు మీద కూర్చుని మూత నొక్కుతోంది. "పాత నీరుగంటి పార మీద నీళ్ళు పోసి, ఆ నీళ్ళు కొత్తవాడి దోసిట్లో పడేట్టు వంచితే పని చేతులు మారినట్టు. నీళ్ళు ధార పోయకుండా ఏదిచ్చినా మా వాళ్ళకు ఇచ్చినట్టు కాదు. ఆడపిల్లకు ధార పోసిన నీరుగంటి ఇంతవరకూ లేడు."

"కూడదని ఎక్కడైనా రాసుందా?"

"మీ తాత రాయించడం మరిచిపోయినట్టున్నాడు."

దొర నవ్వలేదు. "నేను పోతే ఈ వాన హెన్రీకి పోతుంది. మా పెద్దవాడు. మాలో అన్నీ పెద్దవాడికే. వాడు డేరాలు వేసుకుని బతుకుతున్నాడు. పెళ్ళిళ్ళ సీజను అయ్యేదాకా ఆరోగ్యం జాగ్రత్త నాన్నా అని ప్రతి ఆదివారం ఫోను చేస్తాడు." ఇంకో రెండు అడుగులేసి ఆగాడు. "ప్రేమతోనే అనుకుంటాను."

సూట్‌కేసు తాళం పడింది. మునిరత్నమ్మ లేచి నడుం పట్టుకుంది. పెద్దమనిషి బాధపడుతున్నాడని తెలిసినా, ఓదార్చడం ఆమెకు చేతకాదు. కాఫీ పెట్టింది. ఈసారి ఆయన మొత్తం తాగాడు. నిలబడే.

శనివారం పొద్దున వంతు మొదటి అయిదు మడులది. గిరిబాబు మూడో మడిలో కుర్చీ వేయించి, సీటు తువ్వాలుతో తుడిచి సిద్ధంగా ఉన్నాడు. ఊరంతా తూము కాడికి వచ్చింది. దొరకు వేయడానికి ఒక చామంతి దండ కూడా తెచ్చారు. దొర ఆటో దిగాడు. వాన మొదలైంది. వెంకటముని చేతిలోంచి బకెట్టూ గిన్నే తీసుకుని, కుర్చీ పక్కగా నడిచి ముందుకు పోయాడు.

"దొరా, ఈడ! ఈడప్పా కుర్చీ!" అన్నాడు గిరిబాబు.

దొర ఆగలేదు. నాలుగో మడి, అయిదో మడి. జనం వెనకే నడిచారు. ఆయన దాటిన ప్రతి మడి మీదా రెండు నిమిషాల వాన పడి ముందుకు సాగింది. పదో మడి, పదిహేనో మడి. ఇరవయ్యో మడి దగ్గర గట్టు పల్లంగా ఉంది. దొర అక్కడ ఒక్క క్షణం నిలబడ్డాడు. ఎడమ బూటు ముందుకేశాడు. అది చీలమండ దాకా బురదలో దిగబడింది. కుడిది కూడా వేశాడు. ఎడమది లాగితే కాలొచ్చింది, బూటు రాలేదు. దాన్ని అక్కడే వదిలేసి, ఒంటి బూటుతో కుంటుకుంటూ పోయాడు.

"అక్కా, రాయి మీద ఇరవై అనుండాది!" గిరిబాబు గొంతు లేచింది. "వాళ్ళ తాత మాటకే విలువ లేదా?"

"ఆ తాతకు మనవడు ఆయన, నువ్వు కాదు," అంది మునిరత్నమ్మ. ఆమె చీర కుచ్చిళ్ళు ఎత్తిపట్టుకుని అప్పటికే బురదలో ఉంది.

ఇరవై ఒకటో మడి నుంచి బీడు. ఎనిమిదేళ్ళ బీడు మీద చినుకు పడి, ఎండిన కసువు లోంచి మట్టి వాసన లేచింది. ఆ పొలాల సొంతదారులెవరూ అక్కడ లేరు కనుక ఆ వాసన పీల్చిన వాళ్ళంతా ఇరవై మడుల వాళ్ళే.

మునీశ్వరి మడి మధ్యలో చెంబు పట్టుకుని నిలబడి ఉంది. దొర వచ్చి, ఆమె ముందు గట్టు మీద తడినేల పైనే చతికిలబడ్డాడు. బకెట్టు పెట్టి గిన్నె తేలేశాడు. టమోటా ఆకుల మీద చినుకుల చప్పుడు. ముడుచుకున్న ఆకు ఒకటి విచ్చుకోవడం మునిరత్నమ్మ చూసింది.

గిన్నె సగం మునిగింది. అప్పుడు దొర కుడిచేయి చాపాడు. అరచేతిలో వాన నిండింది. మునిరత్నమ్మతో ఇంగ్లీషులో ఏదో అన్నాడు.

"మునీశ్వరీ, చేయి పట్టమంటాండాడు," అంది ఆమె. ఈసారి ఒక్క మాట కూడా వదలకుండా చెప్పింది. "ఈ వాన వాళ్ళలో పెద్ద కొడుక్కి పోతాదంట. ఈయన నీకిస్తాడంట. ధార పోసి ఇస్తాడంట. పుచ్చుకుంటే ఇంగ నీదే. యాడికి పోయినా నీ నెత్తి మీదనే."

మునీశ్వరి చేయి చాపలేదు. "పైటారదు. తల ఆరదు. పెళ్ళికి పేరంటానికి ఎవురూ పిలవరు. ఆ ఫ్యాక్టరీలో గుడ్డల మధ్యకు నన్నెవురు రానిస్తారు?"

"రానియ్యరు."

"శివకుమార్ రైలు పాసు తీసుండాడు."

"తీసుండాడు. వాన అంటే ఇంగ ఈడనే. పోను కుదర్దు. అందుకే అడుగుతాండాడు, పోయలేదు."

మునీశ్వరి దొర కేసి చూసింది. "ఇది ఇచ్చేస్తే నీకేముంటాదప్పా?"

మునిరత్నమ్మ అడిగింది. దొర ఆలోచించాడు. అరచేతిలోంచి వేళ్ళ సందున నీరు కారుతోంది, మళ్ళీ నిండుతోంది.

"కుర్చీ," అన్నాడు.

మునీశ్వరి తండ్రి కేసి చూసింది. వెంకటముని భుజం మీది పారను దించి, ఇనుప అంచు కూతురి వైపు తిప్పి పట్టుకున్నాడు. దొర అరచేయి వంచాడు. నీరు పార మీద పడి, అంచు వెంట జారి, మునీశ్వరి దోసిట్లోకి దిగింది. ఆమె చేతులు ఎప్పుడు చాపిందో ఎవరూ గమనించలేదు.

గిన్నె మునిగింది.

"చాలు," అన్నాడు దొర. లేచి నాలుగడుగులు పక్కకు వేశాడు. ఆయన మీద ఎండ పడింది. అందరి మీదా రోజూ పడే ఎండే. ఆయన ముఖం పైకెత్తి, కళ్ళు మూసుకుని, తడి టోపీలోంచి ఆవిరి లేస్తుండగా అలాగే నిలబడిపోయాడు. మునీశ్వరి చెంబు తీసుకోవడానికి వంగి, రెండు మొక్కల అవతలికి జరిగింది. వాన ఆమెతో జరిగింది.

ఆటో దాకా ఎండలో నడిచేసరికి దొర ముక్కు ఎర్రబారింది. మునిరత్నమ్మ పర్సులోంచి కొబ్బరినూనె సీసా తీసిచ్చింది. ఆయన ఆటోలో వెనక్కి ఆనుకుని కూర్చున్నాడు. పుంగనూరు వచ్చేదాకా కదల్లేదు. నిద్రపోయాడేమోనని ఆమె రెండుసార్లు తొంగి చూసింది. నిద్రే.

*

జూలైలో ఉత్తరం వచ్చింది. అక్కడ రోజూ వాన పడుతోందట. అందులో తన వాన లేదని ఎవరూ గమనించలేదట. హెన్రీ పెళ్ళిళ్ళన్నీ ఎప్పటిలాగే తడుస్తున్నాయట. చివర, "ఇది కిటికీ పక్కన కూర్చుని రాశాను, మూడు గంటలుగా ఇక్కడే ఉన్నాను," అని ఉంది. బురదలో వదిలేసిన బూటు సంగతి అడగలేదు.

మునిరత్నమ్మ ఆ ఉత్తరం పట్టుకుని బోడిగుట్టపల్లెకు పోయింది. వంతులు ఇప్పుడు కడనుంచి మొదలవుతున్నాయి. బెంగళూరు నుంచి ఇద్దరు తిరిగొచ్చి ఇరవై ఎనిమిదో మడి, ముప్పయ్యో మడి దున్నారు. శివకుమార్ రాలేదు. ఆదివారం ఆదివారం కుప్పం నుంచి వచ్చి, రేకులింట్లో చప్పుడుకు నిద్ర పట్టదని గొణిగి, సోమవారం పోతున్నాడు. కాయ మాత్రం నిలబడింది.

గట్టు మీద గిరిబాబు మునీశ్వరి వెంట నడుస్తున్నాడు. "అమ్మా మునీశ్వరీ, నా మడికి వంతెప్పుడు తల్లీ?"

"కడనుంచి వస్తాండాను కదన్నా. బీడు మడులతో కలిపి ముప్పై రెండో వంతు. ఏడో రోజు."

"ఏడో రోజా! అంతలోకి నా చెట్లు..."

"బిందెలుండాయి కదా ఇంట్లో?"

గిరిబాబు వెనక్కి తిరిగాడు. మునీశ్వరి మడిలో వేసిన కుర్చీ దగ్గరికి వచ్చింది, కూర్చుంది, లేచింది. గట్టు చివరిదాకా పోయి వచ్చింది. మళ్ళీ కూర్చుంది. మళ్ళీ లేచింది. వాన అటూ ఇటూ తిరిగి సగం బాట మీద పడింది.

"కాళ్ళు నిలవట్లేదు టీచరమ్మా," అంది. "పదైదు దినాలుగా ఇంతే. ముద్ద కూడా నడస్తానే తింటాండాను."

మునిరత్నమ్మ చేతిలోని ఉత్తరం మడిచి పర్సులో పెట్టింది. చదివి వినిపించలేదు.

గట్టు మీద నుంచి వెంకటముని బకెట్టు ఎత్తుకొచ్చి కూతురి కాళ్ళ ముందు పెట్టాడు. రాగి గిన్నె ఆమె చేతికిచ్చాడు.

"మునిగేది నువ్వే సూడమ్మా," అన్నాడు. "నాకు కండ్లు ఆనవు."